సావధాన్ అంటే నిలబడతాం

“పగిలితే?”

“పగిలితే ఏముంది గెన్‌లే, కింద నీళ్లుంటాయి.”

“అదేగా నా భయం!”

“ఎన్ని నీళ్లనుకున్నారు? నా మోకాలిదాకా. మీ పిల్ల మునగాలంటే తలకిందులుగా నిలబడాలి. అది చేసినా చేస్తుందనుకోండి.”

హవల్దార్ స్కర్మ దాదుల్ చెరువు మధ్యలో గొంతుక్కూర్చుని, ఇనప కమ్మీతో మంచుగడ్డను తట్టి చూస్తూ, తలెత్తకుండానే ఈ జవాబులు చెప్పాడు. సరిగ్గా అప్పుడే గడ్డ లోపల డుమ్మని ఒక మోత ఈ ఒడ్డు నుంచి ఆ ఒడ్డుకు పరిగెత్తింది. నేను రెండంగల్లో ఒడ్డెక్కేశాను.

“అది పగలడం కాదండీ, చలికి ఒళ్లు విరుచుకోవడం. పిల్లలకు ఆ పాఠం చెప్పేది మీరే కదా!”

నిజమే. లేహ్‌లో ఒక బడిలో భౌతికశాస్త్రం చెప్పడమే నా పని. గెన్‌లే అంటే పంతులమ్మ. నాలుగంగుళాల గడ్డ మనిషిని మోస్తుందని నాకు తెలుసు. ఆ రోజు అక్కడున్నది తొమ్మిదంగుళాలని కూడా తెలుసు. ముందురోజే బరమాతో కన్నం చేసి, స్కేలు పెట్టి కొలిచాను. కానీ ఏడేళ్ల పిల్ల కాళ్లకు ఇనప పట్టీలు కట్టుకుని దాని మీద తిరుగుతానంటే ఏ లెక్కా గుండెకు ఆనదు.

మా అమ్మాయి ఇషే డిసెంబరు మొదటి వారం నుంచీ ప్రాణం తీస్తోంది. “అమాలే, అందరూ వెళ్తున్నారు” అని. అందరూ అంటే మా వీధుల్లో ముప్పైమంది పిల్లలు. చలికాలం సెలవుల్లో రోజూ పొద్దున రెండు గంటలు దాదుల్ వాళ్లకు ఐస్ హాకీ నేర్పేవాడు. ఆయన పనిచేసే సైనిక పటాలం ‘పల్టన్’ జట్టు సాధన మధ్యాహ్నం మొదలవుతుంది. ఆ లోపు చెరువు పిల్లలదీ, ఆయనదీ. పిల్లలు ఆయన్ని ‘ఉస్తాద్‌లే’ అంటారు. సైన్యంలో డ్రిల్లు నేర్పేవాడు ఉస్తాద్. మర్యాదకు మేం ఎవరి పేరు చివరైనా ‘లే’ తగిలిస్తాం. ఆ రెండూ కలిపి పిల్లలే ఆ పేరు కట్టారు.

దాదుల్‌ది గ్యా అనే పల్లె. ఆ ఊళ్లో పొలాలకు నీళ్లు పట్టే మడుగు అందరికన్నా ముందు గడ్డకడుతుంది. చిన్నప్పుడు ఇంట్లో తండ్రివి పాత సైనిక బూట్లు ఉంటే, విరిగిన ఇనప మంచం కోళ్ల నుంచి పట్టీలు కోయించి వాటి అడుగున బిగించుకున్నాడు. బూట్లు ఆయన పాదాలకు రెట్టింపు. ముందుభాగంలో గుడ్డపీలికలు కుక్కాలి. వేగంగా వెళ్లడం మూడు రోజుల్లో వచ్చేసింది. ఆగడం మాత్రం రాలేదు. ఎదురుగా గొర్రె ఉంటే గొర్రెను, గోడ ఉంటే గోడను పట్టుకుని ఆగేవాడు. పద్దెనిమిదేళ్లకు పల్టన్‌లో చేరాక మొదటి చలికాలం జట్టుకు ఎంపిక జరిగింది. అందరిలోకీ వేగంగా వెళ్లినవాడు దాదుల్. వెళ్లి వెళ్లి గోల్ వలలో పడ్డాడు. “మళ్లీ చెయ్యి” అన్నాడు సుబేదారు. మళ్లీ వలలోనే. మూడోసారి వలను కర్రలతో సహా మోసుకుపోయాడు.

“ఎటూ అక్కడికే పోతున్నావు కదరా, ఇక అక్కడే ఉండిపో” అన్నాడట సుబేదారు.

అలా గోల్‌కీపరయ్యాడు. ఇరవై ఏళ్లయింది. ఈ ఇరవై ఏళ్లలో సగం చలికాలాలు సరిహద్దు కొండల మీద గడిచాయి. ఉద్యోగం ఉద్యోగమే. జట్టుకు అవసరం పడితే కింది నుంచి వైర్‌లెస్‌లో కబురొచ్చేది, రాకపోతే లేదు. ఆట చెయ్యి తప్పకుండా పైన కూడా సాధన చేసేవాడు. అంత ఎత్తులో గుడ్లు రాళ్లలా బిగుసుకుపోతాయి. తోటి జవాన్లు వాటిని విసురుతుంటే గుడారం గుమ్మం ముందు నిలబడి పట్టేవాడు.

“ఒరే, అవి రేపటి ఆమ్లెట్లురా!” అని వంటవాడు పుంచోక్ మొత్తుకునేవాడు.

“ఒక్కటీ పగల్లేదు చూసుకో. అన్నీ పట్టాను.”

“పట్టావు సరే, నీ చేతికి అంటుకుపోయినవి నేనెలా వేయించాలి? నిన్ను పెనం మీద కూర్చోబెట్టనా?”

ఈ కథ ఆయన చెప్పిన ప్రతిసారీ గుడ్ల సంఖ్య పెరుగుతూ ఉంటుంది. నేను మొదటిసారి విన్నప్పుడు పన్నెండు.

నేను చెబుతున్న చలికాలంలోనే జట్టు బాధ్యత కొత్తగా వచ్చిన క్యాప్టెన్ రానావత్ చేతికి వచ్చింది. ఆయనది రాజస్థాన్. గ్లాసులో తప్ప మంచుగడ్డను చూసి ఎరగడు. మంచివాడే, కాకపోతే రూలు పుస్తకం మనిషి. జట్టు జాబితాలో గోల్‌కీపర్ వయసు ముప్పై ఎనిమిదని చూసి ఉలిక్కిపడ్డాడు. పక్కనే ఇరవై రెండేళ్ల ఓత్సల్ ఉన్నాడు. ఈ ఏడాది ఆడేది ఎవరో ఆట చూశాక తేలుస్తానన్నాడు.

జట్టులో ఉంటే దాదుల్ ఫిబ్రవరి ఆఖరుదాకా లేహ్‌లో ఉంటాడు. పేరు తీసేస్తే మర్నాడే పై పోస్టుకు బయలుదేరాలి. పోస్టంటే ఆయనకు భయం లేదు. కానీ వచ్చే ఏడు పింఛను. గోల్ ముందు నిలబడే చలికాలం ఇదే ఆఖరు. పైగా ఆయన వెళ్తే పొద్దుటి పిల్లల ఆట కూడా ఆగిపోతుంది. “పాపం, ఇంకా వెనక్కి నడవడం రాలేదు వాళ్లకి” అనేవాడు తన సంగతి వదిలేసి.

జనవరిలో చలికాలం పోటీలు మొదలై, ఊరి కాలేజీ కుర్రాళ్ల జట్టుతో ఆట జరిగింది. చెరువు చుట్టూ ఊరంతా ఉంది. చెరి రెండు గోల్స్. ఇక రెండు నిమిషాలుందనగా కుర్రాళ్లలో అయూబ్ అనే పందొమ్మిదేళ్లవాడు రబ్బరు బిళ్లను కర్రతో తోసుకుంటూ ఒంటరిగా దూసుకొచ్చాడు. ఒడ్డు మీదున్న క్యాప్టెన్ ఒక్క గెంతు ముందుకొచ్చాడు. చేతులు నోటి చుట్టూ పెట్టి తన ఊళ్లో ఎవరైనా అరిచే మాటే అరిచాడు.

“సావధాన్!”

ఆయన ఉద్దేశం జాగ్రత్త అని. డ్రిల్లులో దానికి అర్థం వేరు.

మంచు మీదున్న ఆరుగురు జవాన్లూ ఒక్కసారి బిగుసుకున్నారు. మడమలు కలిశాయి, ఛాతీలు లేచాయి. అయూబ్‌ను తరుముతున్న ఒకడు నిటారుగా నిలబడిన భంగిమలోనే జారుకుంటూ పోయి కట్టకు గుద్దుకున్నాడు. ఒడ్డు మీద టీ తాగుతున్న జవాన్లు కప్పులతో సహా లేచారు. ఎప్పుడో పింఛను పుచ్చుకున్న ఎనభై ఏళ్ల తాత ఒకాయన ప్రార్థన చక్రం తిప్పడం ఆపి, కర్ర వదిలేసి నిలబడ్డాడు. గోల్ ముందు దాదుల్ హాకీ కర్రను కుడి తొడకు ఆనించి, గడ్డం ఎత్తి, కొండల వైపు చూస్తున్నాడు.

అయూబ్ కూడా ఆగిపోయాడు. చుట్టూ చూశాడు.

“ఏమైంది? జాతీయ గీతమా?”

వాడు భుజాలెగరేసి బిళ్లను మెల్లగా తోశాడు. అది దాదుల్ ఎడమకాలి పక్కనుంచి, అనుమతి అడిగి వెళ్తున్నట్టు, వలలోకి పోయింది.

ఆట అయ్యాక క్యాప్టెన్ ముఖం కందగడ్డలా ఉంది. “ఎందుకు నిలబడ్డావు?”

“ఆర్డరు సాబ్.”

“అది ఆర్డరు కాదయ్యా! జాగ్రత్తగా ఉండమన్నాను!”

“జాగ్రత్తగా ఉండమంటే ఉంటాం సాబ్. సావధాన్ అంటే నిలబడతాం.”

“మిగతావాళ్లు నిలబడితే నిలబడ్డారు. నువ్వు గోల్‌కీపర్‌వి!”

“నేను వాళ్లందరికన్నా సీనియర్ని సాబ్. నేను కదిలితే ఏం బాగుంటుంది?”

ఇంకెప్పుడూ ఆ మాట అననని క్యాప్టెన్ అంటాడని దాదుల్ ఆశపడ్డాడు. కానీ క్యాప్టెన్ ఆలోచన కూడా సబబే. “నేననకపోతే అవతలివాళ్లంటారు. ఇప్పుడు ఊరందరికీ తెలిసిపోయింది. పది రోజుల్లో ఫైనల్, అదీ ఆ కుర్రాళ్లతోనే. ఈలోగా ఆ అలవాటు పోగొట్టుకో. పోతే నువ్వాడు. పోకపోతే ఓత్సల్ ఆడతాడు, నువ్వు పైకి బయలుదేరు.”

నిజంగానే తెలిసిపోయింది. బజారులో దాదుల్ కనిపిస్తే చాలు, ఏ మూలనుంచో ఒక గొంతు “సావధాన్!” అనేది. చంకలో రొట్టెల మూటతో ఆయన అక్కడే బిగుసుకునేవాడు. తర్వాత తనే నవ్వి, “విశ్రామ్ కూడా మీరే చెప్పాలిరా, లేకపోతే రొట్టెలు చల్లారిపోతాయి” అనేవాడు.

ఆయన భార్య యంగ్‌జెస్ మా ఇంటికొచ్చి పొయ్యి పక్కన కూలబడి నవ్వలేక చచ్చింది. “ఇరవై ఏళ్ల నుంచి పేడ ఎత్తండి, నీళ్లు తెండి అని అరుస్తున్నాను, ఉలకడు పలకడు. ఈ ఒక్క మాట చాలని ముందే తెలిస్తే నా గొంతు మిగిలేది కదే!” అని, నవ్వు ఆగాక, “పైకి పంపించేస్తారంటావా?” అని అడిగింది. పంపించకుండా చూద్దామన్నాను. ఎలాగో నాకే తెలియదు.

దాదుల్‌ను నేను ‘ఆచోలే’ అంటాను, అంటే అన్నయ్య. మర్నాడు ఆయనతో అన్నాను. “అలవాటు ఇలా పోతుందని పుస్తకాల్లో ఉంది ఆచోలే. గంట కొట్టి అన్నం పెడుతూ పోతే, తర్వాత గంట వినగానే కుక్కకి చొంగ కారుతుంది. ఆపైన గంట కొట్టీ కొట్టీ అన్నం పెట్టకపోతే కొన్నాళ్లకి మానేస్తుంది.”

“నన్ను కుక్కంటే అన్నారు, ఫరవాలేదు. ఇప్పుడు గంట ఎవరు కొడతారు?”

ముప్పైమంది పిల్లలున్నారు. వాళ్లకు అంతకన్నా సంతోషమైన పని ఆ ఏడాది దొరకలేదు. ఒకడు బిళ్లను కొట్టడం, మిగతా అందరూ ప్రాణం పెట్టి “సావధాన్!” అని అరవడం. ఇషేకు ఇంకా స్కేట్లు కొనివ్వలేదు కాబట్టి ఒడ్డు మీద నిలబడి అరిచేది. నేను పక్కన నోటు పుస్తకంతో కూర్చున్నాను. మొదటి రోజు ఇరవైకి ఇరవైసార్లు నిలబడ్డాడు. రెండో రోజు ఇరవై. మూడో రోజు పందొమ్మిది. అందరం చప్పట్లు కొట్టాం. ఆ ఒక్కసారి తుమ్ము వచ్చిందని తర్వాత ఒప్పుకున్నాడు. ఐదో రోజుకు బిళ్ల తగిలి మోచేయి వాచింది కానీ అలవాటు రవ్వంత కూడా కదల్లేదు.

“వదిలేయండి గెన్‌లే” అన్నాడు గ్లోవు విప్పుతూ. “కుక్కకి గంట నెల రోజులే కొట్టుంటారు. నాకు ఇరవై ఏళ్లు కొట్టారు.”

ఆయన అలా నవ్వకుండా మాట్లాడటం నేను అప్పటిదాకా చూడలేదు. పిల్లలు ఆ పూటకి కర్రలు సర్దేశారు.

ఆరో రోజు పొద్దున మళ్లీ మొదలుపెట్టారు. పిల్లలందరూ “సావధాన్!” అన్నారు. దాదుల్ బిగుసుకున్నాడు. బిళ్ల ఆయన కుడివైపుకు వెళ్తోంది. రోజూ దెబ్బలు తినే మనిషిని చూడలేకో ఏమో, ఇషే ఒడ్డు మీద గెంతుతూ కీచుగొంతుతో అరిచింది. “ఉస్తాద్‌లే, యస్! యస్!”

మా భాషలో కుడిని యస్ అంటాం, ఎడమను యోన్ అంటాం. దాదుల్ కుడికి ఎగిరాడు. బిళ్ల గ్లోవులో ఉంది.

అందరం నోళ్లు తెరిచాం. అందరికన్నా ఎక్కువ తెరిచింది ఆయనే.

“ఎలా కదిలారు?” అన్నాను.

“ఎలా ఏమిటండీ... ఇంకో ఆర్డరొచ్చింది కదా!” అని, ఒక క్షణం ఆగి, హెల్మెట్ తీసి గడ్డ మీద పడేసి గట్టిగా నవ్వాడు. “అదీ! ఆఖరి ఆర్డరే ఆర్డరు! సావధాన్ తర్వాత ఎవరైనా ఏదో ఒకటి చెయ్యమంటే చేస్తాను. వీళ్లు నిలబెట్టి వదిలేస్తుంటే నేనేం చెయ్యను?”

వెంటనే లెక్క మార్చాం. సావధాన్, ఆ వెంటనే యస్ అనో యోన్ అనో ఒక కేక. ఇరవైలో పదిహేడు ఆపాడు. మర్నాడు ఎలా ఉందో చూద్దామని క్యాప్టెన్ మామూలు బట్టల్లో చెరువు దగ్గరకొచ్చాడు. నేను నోటు పుస్తకం చూపించాను. రెండుసార్లు చదివి, కళ్లజోడు తుడుచుకుని మూడోసారి చదివాడు.

“అంటే, అతను మారక్కర్లేదు. నేను అరవాలి.”

“సరైన మాట అరవాలి సాబ్” అన్నాడు దాదుల్ వినయంగా.

మిగిలిన మూడు పొద్దుటిపూటలూ క్యాప్టెన్ పిల్లల బళ్లో చేరాడు. గోల్ ఎదురుగా నిలబడితే ఆయన కుడి దాదుల్‌కు ఎడమవుతుంది. అక్కడ చిక్కొచ్చింది.

“యస్!”

“తప్పు క్యాప్టెన్‌లే!” అని పిల్లలంతా ఒకటే కేక.

“అదేమిటి, కుడేగా?”

“మీ కుడి ఎవరికి కావాలి? ఉస్తాద్‌లే కుడి!” అంది ఇషే నడుం మీద చేతులు పెట్టుకుని. క్యాప్టెన్ బుద్ధిగా గోల్ వెనక్కి వెళ్లి నిలబడ్డాడు. ఫైనల్‌కు కూడా తన చోటు అదేనన్నాడు. దాదుల్‌తో మాత్రం, “ఈ ఒక్క ఆటకే నీకు చోటు. ఇందులో తేలాలి” అన్నాడు.

ఫైనల్‌నాడు సగం ఊరు జట్టును చూడటానికి, సగం ఊరు సావధాన్ అరవడానికి వచ్చింది. ఆ ఎనభై ఏళ్ల తాతను మాటిమాటికీ లేచి నిలబడకుండా ఇంటివాళ్లు చెవుల్లో దూది పెట్టి తీసుకొచ్చారు. కుర్రాళ్లు ప్రతిసారీ అరిచారు. మిగతా జవాన్లు అది ఆఫీసరు గొంతు కాదని ఆడుతూనే ఉన్నారు, ఇరవై ఏళ్ల అలవాటున్న దాదుల్ మాత్రం ప్రతిసారీ నిలబడ్డాడు. వల వెనక నుంచి క్యాప్టెన్ గొంతు చించుకున్నాడు. “యోన్! యస్! యోన్!” రెండు గోల్స్ పడ్డాయి, ఎనిమిది ఆగాయి. ఒక్క నిమిషం మిగిలింది. మాకు మూడు, వాళ్లకు రెండు.

మళ్లీ అయూబే. ఒంటరిగా, గాలిలా వస్తున్నాడు. నాలుగువైపుల నుంచీ “సావధాన్!” అని మోత. దాదుల్ నిలువునా బిగిశాడు. ఇక క్యాప్టెన్ చెప్పాలి. క్యాప్టెన్ నోరు తెరిచాడు. ఆ క్షణంలోనే, ఆట చూడటానికొచ్చి పక్కన నిలబడ్డ కల్నల్ ఆయన భుజం తట్టి, “ఏం రానావత్, గెలుస్తామంటావా?” అన్నాడు.

పై అధికారి ప్రశ్న చెవిన పడింది. క్యాప్టెన్ కూడా సైనికుడే కదా. మడమలు కలిపి గొంతెత్తాడు.

“యస్ సర్!”

దాదుల్ కుడికి ఎగిరాడు. అయూబ్ అప్పుడే సరిగ్గా ఆ వైపుకే కొట్టాడు. బిళ్ల ఛాతీకి తగిలి కింద పడితే, ఆయన దాని మీద పడి, ఈల వినపడేదాకా లేవలేదు. ఈల వినపడ్డాక కూడా లేవలేదు. జట్టంతా ఆయన మీదే పడింది మరి. అయూబ్ వచ్చి ఆ గుట్టలోంచి కనపడుతున్న చేతిని పట్టుకుని ఊపి, “జులే ఆచోలే” అని నమస్కారం చెప్పి వెళ్లాడు.

“నేనాపలేదు గెన్‌లే, కల్నల్ సాబ్ ఆపారు” అని సాయంత్రం మా ఇంట్లో తుక్పా సూప్ తాగుతూ చెప్పాడు దాదుల్. “ఆయన ‘ఓడిపోతామా’ అని అడిగుంటే ఏమయ్యేది? ‘నో సర్’ అంటే ఎటు దూకాలి నేను?”

జాబితాలో ఆయన పేరు ఫిబ్రవరి ఆఖరుదాకా ఉంచుతూ క్యాప్టెన్ ఆ రాత్రే సంతకం పెట్టాడు.

కాబట్టి మర్నాడు పొద్దున చెరువు మీద ఎప్పటిలాగే పిల్లలున్నారు. ఈసారి ఇషే కాళ్లకు కూడా స్కేట్లున్నాయి. ఇక కాదనడానికి నాకు నోరు రాలేదు. గడ్డ పదకొండంగుళాలు. కొలిచాకే పంపాను. ఒడ్డు మీద నిలబడి, అది రెండడుగులు వేసిందో లేదో, “జాగ్రత్త!” అని అరిచాను. అది ఆగి, నా వైపు తిరిగి చూసి, పడింది. లేచింది. “జాగ్రత్త ఇషే!” మళ్లీ చూసింది, మళ్లీ పడింది. మూడోసారి దాదుల్ టీ ఫ్లాస్కు పట్టుకుని నా దగ్గరకు జారుకుంటూ వచ్చాడు. వెన్న వేసిన ఉప్పు టీ కప్పులో పోసి నా చేతికిచ్చాడు.

“గెన్‌లే, కోపం తెచ్చుకోకండి. ఆ మాట వింటే కాళ్లు బిగుసుకుపోతాయి. ఆ సంగతి ఈ ఊళ్లో నాకన్నా తెలిసినవాడు లేడు. భయం మీది, దాన్ని పిల్ల మీదకి విసరకండి. ఏం చెయ్యాలో చెప్పండి. ‘మోకాళ్లు వంచు’ అనండి. ‘యోన్‌కి తిరుగు’ అనండి. పిల్లకి చెయ్యడానికి పనుంటుంది. చెప్పడానికి పనేదీ తోచకపోతే ఇదుగో, ఇది తాగండి. నోట్లో టీ ఉంటే అరవలేరు.”

అప్పటినుంచి అదే చేస్తున్నాను. ఇషే రాళ్లగోడ ఎక్కితే, ‘కుడికాలు ఆ పెద్దరాయి మీద పెట్టు’ అంటాను. వాలులో పరిగెడితే, ‘వెనక్కి వాలు’ అంటాను. ఏమీ తోచనప్పుడు టీ తాగుతాను. ఈ చలికాలం చాలా టీ తాగాను.